యాద్విగ రాణి త్యాగము: ఒక చారిత్రక, వేదాంత పరిశీలన

1386వ సంవత్సరము ఫిబ్రవరి 18న పోలండు దేశపు రాజధానియైన క్రాకోవ్ నగరంలో ఒక వివాహము జరిగింది. వధువు పేరు యాద్విగ. ఆమె ఆ దేశపు రాణి. అప్పటికి ఆమెకు 12 ఏండ్లు నిండి ఎంతో కాలము కాలేదు. వరుడు లిథువేనియా దేశాధిపతియైన యొగైలా. అతడు ఆమెకంటె కనీసము 10 ఏండ్లు పెద్దవాడు. వివాహానికి మూడు దినముల ముందు వరకు అతడు బాప్తిస్మము పొందని అన్యుడు. ఇది ఇట్లుండగా, ఆమెకు నాలుగేండ్ల ప్రాయంలోనే మరొక రాకుమారునితో ప్రధానము జరిగియున్నది.

ఐరోపా సంఘచరిత్రను సామాన్య పాఠకులకు చెప్పే పుస్తకాలలోను, ప్రసంగ దృష్టాంతాలలోను ఈ సంగతి ఇంచుమించు ఒకే తీరుగా వినబడుతుంది. ఒక యువరాణి తాను ప్రేమించిన యువకుని విడిచిపెట్టి, ఒక జనాంగమంతా క్రీస్తునొద్దకు వచ్చుటకు ఒక అన్యుని చేపట్టినదని, అది గొప్ప త్యాగమని చెప్పుదురు. రోమన్ కతోలిక సంఘము ఆమెను పునీతురాలిగా ఎంచుచున్నది. ఒకప్పుడు క్రాకోవ్‌కు ఆర్చిబిషప్పుగా ఉన్న పోపు రెండవ జాన్ పాల్ 1997 జూన్ 8న అదే నగరంలో ఆమెను పునీతుల జాబితాలో చేర్చాడు. పునీతులను వేడుకొనే ఆచారము మన సంఘాలలో లేకపోయినను, విశ్వాసుల జీవితాలనుండి నేర్చుకొనుటకు మనకు ఆటంకమేమియు లేదు. హెబ్రీ పత్రిక 11వ అధ్యాయము చేసిన పని అదే గదా.

అయితే నేర్చుకొనక ముందు ఒక ప్రశ్న అడుగవలసియున్నదని మేము తలంచుచున్నాము. యోహాను సువార్త 10:18లో ప్రభువు తన మరణమును గూర్చి చెప్పుచు ఒక భేదమును స్పష్టపరచాడు. ప్రాణమును ఒకడు మననుండి లాగుకొనుట వేరు, మనంతట మనమే దానిని పెట్టుట వేరు. సిలువను బలి అనుటకు ఆధారము ఈ రెండవదే. యాద్విగ విషయంలో జరిగినది ఏది? ఆమె ప్రేమ ఆమెయొద్దనుండి తీసికొనబడినదా, లేక ఆమెయే దానిని పెట్టినదా? ఇది చరిత్రకారులకు విడిచిపెట్టదగిన ప్రశ్న కాదు. పెండ్లి ప్రమాణములు చదివించేది కాపరులమైన మనమే. త్యాగమును గూర్చి ఆడపిల్లలకు బోధించేదియు మనమే.

హాయిన్‌బర్గ్‌లో జరిగిన ప్రధానము

యాద్విగ 1373 చివరనో 1374 ఆరంభములోనో హంగేరి రాజు మొదటి లూయీకి కడపటి కుమార్తెగా జన్మించింది. తల్లి బోస్నియా దేశస్థురాలైన ఎలిజబెత్. లూయీ 1370 నుండి పోలండుకు కూడ రాజు. అతనికి కుమారులు లేరు, ముగ్గురు కుమార్తెలు. కుమారులు లేని రాజు ఇంట కుమార్తెల పెండ్లి అంటే రాజ్యముల పంపకమే. అందుచేత ఆస్ట్రియాకు చెందిన హాబ్స్‌బర్గ్ వంశీయుడు లియోపోల్డు కుమారుడైన విలియముకు యాద్విగను ఇచ్చుటకు పెద్దలు మాట్లాడుకొన్నారు. 1378 జూన్ 15న హాయిన్‌బర్గ్ పట్టణంలో ఆ కార్యము జరిగింది. పిల్లకు 4 ఏండ్లు, పిల్లవానికి సుమారు 8 ఏండ్లు. మాట తప్పినవారు 2,00,000 బంగారు ఫ్లోరిన్లు చెల్లించవలెనని షరతు.

ఈ కార్యమును కొందరు రచయితలు పెండ్లి అనియే వ్రాస్తారు. అది సరికాదు. మన తెలుగు సంఘాలలో ప్రధానానికి, పెండ్లికి ఉన్న భేదము ఎరిగినవారికి ఇది త్వరగా అర్థమగును. యోసేపునకు మరియ ప్రధానము చేయబడినదని మత్తయి 1:18లో చదువుచున్నాము. మన గ్రామాలలో ఇప్పటికిని పెండ్లికి ముందు ప్రధానము చేసి ఉంగరమో చీరయో పెట్టుచున్నాము. ఆనాటి సంఘ ధర్మశాస్త్రములోను పసిపిల్లల విషయమై చేసిన కార్యము రాబోవు పెండ్లిని గూర్చిన వాగ్దానము మాత్రమే. ఆడపిల్లకు 12, మగపిల్లవానికి 14 ఏండ్లు నిండిన తరువాత వారు తమ నోట ఒప్పుకొనిన యెడల అది వివాహముగా స్థిరపడును, కాదన్న యెడల కొట్టివేయబడును. ఆ శాస్త్రము ప్రకారము పెండ్లికి ప్రాణము తలిదండ్రుల మాట కాదు, వధూవరుల సమ్మతి. 12వ శతాబ్దము నుండి పశ్చిమ సంఘము దీనిని గట్టిగా బోధించింది. కాగితము మీద ఇది చాల మంచి బోధ. 12 ఏండ్ల పిల్ల నోట వచ్చిన సమ్మతికి ఎంత బరువు ఉండగలదో ఆ శాస్త్రజ్ఞులు ఎక్కువగా ఆలోచించలేదని మా అభిప్రాయము.

1382 సెప్టెంబరులో లూయీ మరణించాడు. పెద్ద కుమార్తె కాతరీన అంతకుముందే చనిపోయియుండెను. రెండవ కుమార్తె మేరీ హంగేరి సింహాసనమెక్కింది. తమ పాలకురాలు తమ దేశంలోనే నివసించవలెనని పోలండు ప్రభువులు పట్టుబట్టినందున, రెండేండ్ల బేరసారముల తరువాత యాద్విగను క్రాకోవ్‌కు పంపారు. 1384 అక్టోబరు 16న ఆమెకు కిరీటధారణ జరిగింది. ఆ దినమున ఆమెకిచ్చిన బిరుదు రాణి కాదు, రాజు. స్వంత హక్కుతో ఏలునదే గాని, ఒక రాజు భార్య కాదని తెలుపుటకు అట్లు చేశారు. ఆ రాజునకు అప్పటికి 11 ఏండ్లు నిండలేదు. తల్లిని విడిచి, భాష కొత్తదైన దేశంలో, తన తండ్రి వయస్సుగల మంత్రుల నడుమ ఆమె కూర్చున్నది.

ఇద్దరికి ఇచ్చిన మాట

అప్పటికి ఐరోపాలో అన్యదేశముగా మిగిలినది లిథువేనియా ఒక్కటే. దాని ఏలుబడిలో తూర్పు సంఘమునకు చెందిన రష్యా జాతి క్రైస్తవులు విస్తారముగా ఉన్నను, లిథువేనియా జాతివారు అగ్నిని, పవిత్ర వనములను, సర్పములను పూజించుచుండిరి. ట్యుటోనిక్ వీరులు అనబడే జర్మను సన్యాసి సైనికులు సుమారు ఒక శతాబ్దముగా వారిమీద యుద్ధము చేయుచుండిరి. అన్యులను క్రీస్తునొద్దకు తెచ్చుటకే ఈ యుద్ధమని వారు చెప్పుకొన్నారు. ఆ పేరున గ్రామములు తగలబెట్టి, మనుష్యులను చెరపట్టి, భూములు ఆక్రమించుకొన్నారు. ఖడ్గముతో వచ్చిన సువార్తను లిథువేనియా వారు ఎందుకు నిరాకరించారో చెప్పుటకు పెద్ద పాండిత్యము అక్కరలేదు.

యొగైలా ముందు రెండు త్రోవలున్నవి. అతని తల్లి ఊలియానా తూర్పు సంఘమునకు చెందిన క్రైస్తవురాలు. మాస్కో రాజకుమార్తెను చేసికొని తూర్పు సంఘములో చేరు ఆలోచన ఒకటి నడిచింది. పోలండు రాణిని చేసికొని పశ్చిమ సంఘములో చేరుట రెండవది. రెండవ త్రోవలో కిరీటమున్నది. పైగా ట్యుటోనిక్ వీరులకు యుద్ధము చేయుటకు మిష లేకుండ పోవును. 1385 జనవరిలో అతని రాయబారులు క్రాకోవ్‌కు వచ్చినప్పుడు, తన ప్రధానము సంగతి తల్లి తేల్చవలెనని యాద్విగ తరపున జవాబు వచ్చింది.

తల్లి ఏమి తేల్చింది? 1385 జూలైలో ఎలిజబెత్ రాణి ఆగస్టు మధ్యలోగా విలియముతో పెండ్లి జరిపించెదనని ఆస్ట్రియా వారికి మరల మాట ఇచ్చింది. పోలండు రాజ్యానికి ఏది మేలో అది చేయుడని అటు పోలండు ప్రభువులకు కూడ చెప్పింది. ఆగస్టు 14న క్రేవా అను చోట యొగైలా ఒక పత్రము మీద ముద్ర వేశాడు. తాను, తన సహోదరులు, తన ప్రజలు కతోలిక విశ్వాసములో బాప్తిస్మము పొందుదురు. చెరలోనున్న పోలండు క్రైస్తవులను విడిపించును. విలియముకు చెల్లవలసిన 2,00,000 ఫ్లోరిన్లు తానే చెల్లించును. లిథువేనియాను పోలండు కిరీటముతో జోడించును. ఆ పత్రమును చదువునప్పుడు మమ్మును బాధించునది ఒకటున్నది. ఒక జనాంగము యొక్క బాప్తిస్మము, ఒక పిల్ల ప్రధానము రద్దుచేసినందుకు జరిమానా, రెండును ఒకే కాగితము మీద షరతులుగా నిలిచియున్నవి.

ఆ ఆగస్టులోనే విలియము క్రాకోవ్‌కు వచ్చాడు. వావెల్ కోటలోనికి అతనిని రానియ్యలేదు. అతనికి అప్పటికి 15 ఏండ్ల ప్రాయము. ఇక్కడినుండి ప్రేమకథ ఆరంభమగును. ఫ్రాన్సిస్కను సన్యాసుల మఠములో వారిద్దరు కలిసికొన్నారని, కోట తలుపులు మూసివేయగా యాద్విగ గొడ్డలి తెప్పించి ద్వారమును తానే పగులగొట్టబోయినదని, గొరాయ్ వాసియైన ద్మీత్ర్ అను వృద్ధ మంత్రి బ్రతిమాలి ఆమెను ఆపెనని చెప్పబడుచున్నది. తరువాత ఆమె ప్రధాన దేవాలయములో సిలువ రూపము ఎదుట మోకరించి ప్రార్థించి సమ్మతించెనని ఒక ప్రాచీన పారంపర్యము. ఆ సిలువను వావెల్ దేవాలయములో నేటికిని చూపుచున్నారు.

ఇక్కడ ప్రసంగీకులు ఒక్క సంగతి జ్ఞాపకముంచుకొనవలెను. ఈ సంఘటనల చిత్రణ మనకు ముఖ్యముగా యాన్ ద్వుగోష్ అను క్రాకోవ్ గురువు వ్రాసిన పోలండు చరిత్రనుండి వచ్చింది. అతడు 1415లో, అనగా రాణి మరణించిన 16 ఏండ్లకు పుట్టాడు. ఆ గ్రంథము వ్రాయుట 1455లో మొదలుపెట్టాడు. అతడు శ్రద్ధగల చరిత్రకారుడే, పెద్దలనుండి విన్నవి అనేకము భద్రపరిచాడు. అయినను అతనికి యాద్విగ మీద మిక్కిలి గౌరవము, యొగైలా మీద కొంత అయిష్టత ఉన్నవి. కాబట్టి గొడ్డలి కథను చెప్పదలచినవారు ద్వుగోష్ చెప్పినట్లుగా చెప్పుట న్యాయము. విలియము వచ్చుట, కోటలో చోటు దొరకకపోవుట, వివాహానికి ముందు యాద్విగ పాత ప్రధానమును బహిరంగముగా రద్దుపరచుట మాత్రము చరిత్రలో స్థిరమైనవి.

గొడ్డలి కథ నిజమే అనుకొందము. అప్పుడది త్యాగానికి సాక్ష్యము కాదు, ఎదిరింపునకు సాక్ష్యము. చాలమంది బోధకులు దీనిని గమనించరు. ఆ పిల్ల కాదన్నది. కాదన్న తరువాత ఆమెకు మిగిలిన దారులు ఎన్ని? తండ్రి లేడు. తల్లి ఇద్దరికిని మాట ఇచ్చింది. మంత్రులు తలుపు గడియ వేశారు. బిషప్పులు వివాహమునకు అనుకూలురు. న్యాయాధిపతులు 11వ అధ్యాయములో యెఫ్తా కుమార్తెకు కనీసము రెండు నెలల గడువు దొరికింది. మ్రొక్కుకొన్నది తండ్రి, వెల చెల్లించినది కుమార్తె. ఆ అధ్యాయమును మనము త్యాగమునకు మాదిరిగా గాక, ఒక తండ్రి తొందరపాటునకు హెచ్చరికగా బోధించుచున్నాము. యాద్విగ పెండ్లిని బోధించునప్పుడు ఆ జాగ్రత్తను ఎందుకు మరచిపోవలెను?

కొందరు ఎస్తేరును పోలికగా తెత్తురు. పోలిక ఉన్నది గాని, వారు చూపే చోట కాదు. ఎస్తేరు రాజనగరుకు చేర్చబడుట 2వ అధ్యాయములో ఉన్నది. అక్కడ ఆమె ఇష్టమును ఎవరును అడుగలేదు. ఆమె తనంతట తాను తెగించుట 4వ అధ్యాయములో వచ్చును. ఈ రెండు అధ్యాయముల మధ్య ఉన్న ఎడమును యాద్విగ జీవితములోను చూడవలెనని మా మనవి.

పెండ్లికొరకు బాప్తిస్మము

1386 ఫిబ్రవరి 12న యొగైలా క్రాకోవ్ చేరాడు. అతడు ఎట్టివాడో చూచి రమ్మని యాద్విగ నమ్మకస్థుడైన ఒక ప్రభువును ముందుగా పంపెనని ద్వుగోష్ వ్రాశాడు. మనుష్యుడు భయంకరుడని ట్యుటోనిక్ వీరులు పుట్టించిన వదంతులే ఆమె వినియుండెను. 15న అతనికి బాప్తిస్మమిచ్చి వ్లాదిస్లావ్ అని పేరు పెట్టారు. 18న పెండ్లి, మార్చి 4న పట్టాభిషేకము. మూడు వారములలో ఒక అన్యుడు విశ్వాసి, భర్త, రాజు అయ్యాడు.

ఇది చదివిన కాపరి ఎవడైనను తన సంఘములో ఎరిగిన పెండ్లిండ్లను తలంచుకొనకుండ ఉండలేడు. అమ్మాయి క్రైస్తవురాలు, అబ్బాయి కాడు. పెండ్లి పత్రికలు అచ్చయినవి. శనివారము బాప్తిస్మమిచ్చి సోమవారము పెండ్లి చేయుమని పెద్దలు ఇంటికి వచ్చి కూర్చుందురు. కాదంటే కాపరికి కరుణ లేదందురు. అవునంటే ఆ బాప్తిస్మము ఏమిటో అతని మనస్సాక్షికి తెలియును. 1 కొరింథీయులకు 7వ అధ్యాయములో పౌలు ఇప్పటికే పెండ్లియైన వారిని గూర్చి మాట్లాడుచున్నాడు. అవిశ్వాసియైన భర్త రక్షింపబడునేమోయని పెండ్లి చేసికొనుటకు ఆ అధ్యాయము లైసెన్సు కాదు. యొగైలా మంచి క్రైస్తవ రాజుగా నిలిచాడు గదా అని ఎవరైనను వాదించిన యెడల, అది నిజమే. అతడు 1434లో మరణించువరకు విశ్వాసములో నిలిచాడు. అయితే దేవుడు ఒక చెడ్డ పద్ధతినుండి మేలు పుట్టించెనన్నంత మాత్రాన ఆ పద్ధతి మంచిదైపోదు. యోసేపు సహోదరులు యోసేపును అమ్మినది కూడ మేలుకే మారింది.

ఆస్ట్రియా వారు ఈ పెండ్లిని వ్యభిచారమని నిందించారు. అప్పటికి పశ్చిమ సంఘములో ఇద్దరు పోపులుండిరి. విలియము తండ్రి అవిన్యోను పోపు పక్షము, పోలండు రోమా పోపు పక్షము. రోమాలోని ఆరవ అర్బన్ 1388లో యొగైలా దంపతులను ఆమోదించాడు. విలియము మాత్రము యాద్విగ బ్రదికియున్నంత కాలము పెండ్లి చేసికొనలేదు. ఆమె పోయిన తరువాత, 1401లో, నేపుల్స్ రాజకుమార్తె జొయాన్నాను వివాహమాడి, 1406లో మరణించాడు. ఈ కథలో నష్టపోయినవాడు అతడొకడున్నాడని మన ప్రసంగములు సాధారణముగా చెప్పవు.

రాణిమీద పడిన నింద అంతటితో పోలేదు. గ్నియెవోష్ అను సభికుడు ఆమె విలియముతో రహస్యముగా కూడెనని వదంతి పుట్టించాడు. ఆమె న్యాయసభలో విచారణ కోరింది. ఆ మనుష్యుడు తాను అబద్ధమాడితినని ఒప్పుకొనవలసి వచ్చినదని, బల్లక్రింద దూరి కుక్కవలె మొరగవలసి వచ్చినదని పారంపర్యము చెప్పుచున్నది.

విల్నియస్ నదీతీరము

1387లో యొగైలా పోలండు గురువులతో లిథువేనియాకు వెళ్లి బాప్తిస్మములు జరిపించాడు. యాద్విగ ఆ ప్రయాణములో లేదు. 13 ఏండ్ల ఆ రాణి అదే సమయములో సైన్యముతో తూర్పుగా రుథేనియాకు వెళ్లి ల్వీవ్ ప్రాంతమును హంగేరి అధికారులనుండి తన రాజ్యములో తిరిగి చేర్చుచుండెను. విల్నియస్‌లో పవిత్రాగ్నిని ఆర్పి, వనములు నరికి, పూజాసర్పములను చంపారు. జనులను గుంపులుగా నదియొద్దకు నడిపించి, ఒక్కొక్క గుంపునకు ఒకే పేరు పెట్టి బాప్తిస్మమిచ్చారని, వచ్చినవారికి తెల్లని ఉన్ని అంగీలు పంచిరని ద్వుగోష్ వ్రాశాడు. పోలండు గురువులకు ఆ భాష రానందున రాజే ప్రార్థనను, విశ్వాస ప్రమాణమును తన జనులకు వారి భాషలో చెప్పెనని కూడ అతడే చెప్పుచున్నాడు. ఈ చివరి మాట మాకు చాల ప్రియము.

కాని ఆ ఫిబ్రవరిలోనే యొగైలా ఇచ్చిన శాసనములను కూడ చూడవలెను. కతోలికులైన ప్రభువులకు ఆస్తి హక్కులు ఇవ్వబడినవి, కానివారికి లేవు. కతోలికులు తూర్పు సంఘము వారిని, వారు మారిననే తప్ప, పెండ్లాడరాదని ఆజ్ఞ. విశ్వాసముతో పాటు లాభము, నిషేధము కూడ వచ్చినవి.

తెలుగు సంఘచరిత్ర చదివినవారికి ఇక్కడ మన గుండ్లకమ్మ జ్ఞాపకము రాక మానదు. 1878 జూలై 3న ఒంగోలు ప్రాంతములో ఆ ఏటిలో 2,222 మంది ఒక్క దినమున బాప్తిస్మము పొందారు. చూపునకు విల్నియస్ వలెనే కనబడును. అయితే అంతకుముందు కరవు కాలములో జాన్ క్లౌ దొర బకింగ్‌హామ్ కాలువ పనిలో ఒక భాగమును తీసికొని వేలమందికి కూలి చూపించాడు. ఆ సమయములో బాప్తిస్మము అడిగినవారిని సుమారు 15 నెలలు నిలిపి ఉంచాడు. కూడు కొరకు ఎవడును క్రైస్తవుడు కాకూడదని అతని పట్టుదల. విల్నియస్‌లో అంగీలు పంచుచు బాప్తిస్మమిచ్చారు. ఒంగోలులో అన్నము పంచుచు బాప్తిస్మమాపారు. రామాయపట్నములో బోధకులను తర్ఫీదు చేయు పాఠశాల 1878కి ముందే ఉండుట కూడ చిన్న సంగతి కాదు. జనులు వచ్చుటకు ముందే బోధించువారిని సిద్ధపరచుకొన్నారు.

పెట్టబడిన సంవత్సరములు

యాద్విగ విషయములో ఎస్తేరు 4వ అధ్యాయము ఇక్కడ మొదలగునని మేము చెప్పుచున్నాము. 12 ఏండ్లప్పుడు జరిగినదానిని ఆమెకు ఆపు శక్తి లేదు. తరువాతి 13 ఏండ్లు వేరు. అప్పుడామె ఏలుచున్న రాణి. కోపముతోనో విరక్తితోనో, లేక ఉత్సవములతోనో ఆ ఏండ్లు గడుపగలిగియుండును. అట్లు చేయలేదు.

లిథువేనియా వారికి బాప్తిస్మమైనది గాని కాపరులు లేరు. ఉన్న గురువులు పరభాషీయులు. దీనికి పరిష్కారముగా ఆమె 1397లో ప్రాగ్ విశ్వవిద్యాలయములో లిథువేనియా విద్యార్థులు వేదాంతము చదువుటకు ఒక వసతి కళాశాలను స్థాపించింది. నదిలో ముంచుటతో పని పూర్తి కాలేదని గ్రహించిన రాణి ఆమె. క్రాకోవ్‌లో 1364లో రాజు కాజిమిర్ స్థాపించిన విశ్వవిద్యాలయము అతని మరణానంతరము క్షీణించియుండగా, దానిని తిరిగి లేపుటకు శ్రమించింది. 1397 జనవరిలో రోమా పోపు తొమ్మిదవ బోనిఫేసు నుండి అక్కడ వేదాంత విభాగమునకు అనుమతి దొరికింది. వేదాంత విద్యార్థులు ఈ రెండు తేదీలను పెండ్లి తేదీకంటె ముందుగా కంఠస్థము చేయదగును.

లేఖనములను ప్రజల భాషలో చదువుకొనవలెనని ఆమెకు కోరిక ఉండెను. సెయింట్ ఫ్లోరియన్ కీర్తనల గ్రంథము అని పేరుపొందిన చేతివ్రాత ప్రతి ఆమెతో సంబంధించినదని పండితులు ఎంచుచున్నారు. అందులో కీర్తనలు లాటిను, పోలిషు, జర్మను మూడు భాషలలో ప్రక్కప్రక్కన వ్రాయబడినవి. పోలిషు భాషలో నిలిచియున్న సంపూర్ణ కీర్తనల అనువాదములలో అది మొట్టమొదటిది. దానిలో రెండు ఎం అక్షరములు పెనవేసిన గుర్తు ఒకటున్నది. అది మార్త, మరియలను సూచించునని, లూకా 10వ అధ్యాయములోని ఇద్దరు అక్కచెల్లెండ్లను ఆమె తన గుర్తుగా పెట్టుకొనెనని చాలమంది భావించుదురు. ప్రార్థనకు కూర్చొనుట, వడ్డన చేయుట రెండును ఒకే మనిషిలో ఉండవలెనను బోధ ఆనాటి మఠములలో ప్రసిద్ధము.

రైతుల సంగతి ఒకటి ద్వుగోష్ గ్రంథములో ఉన్నది. రాజు పరివారము భోజన సామగ్రికై రైతుల పశువులను పట్టుకొనిపోగా, వారు ఏడ్చుచు రాణియొద్దకు వచ్చారట. ఆమె రాజుతో మాట్లాడి పశువులను తిరిగి ఇప్పించింది. అటు తరువాత, పశువులైతే తిరిగి వచ్చినవి గాని వారు కార్చిన కన్నీటిని తిరిగి ఇచ్చువారెవరని అడిగెనని అతడు వ్రాశాడు. కథలో ఎంత భాగము అక్షరాల జరిగినను, ఆమెను ఆమె ప్రజలు ఎట్లు జ్ఞాపకముంచుకొన్నారో ఇది తెలుపుచున్నది. తన కన్నీటిని ఎవరును లెక్కింపని స్త్రీ ఇతరుల కన్నీటిని లెక్కించుట నేర్చుకొన్నది.

ట్యుటోనిక్ వీరులతో యుద్ధము రాకుండ ఆమె పాటుపడింది. 1397లో వారి అధిపతి కొన్రాద్ ఫోన్ యుంగింగెన్‌ను ఇనోవ్రొత్స్వావ్‌లో స్వయముగా కలిసికొని మాట్లాడింది. ఫలితము పెద్దగా రాలేదు. అయినను ఆమె జీవించియుండగా ఆ మహాయుద్ధము రాలేదు. అది 1409లో మొదలై, 1410 జూలై 15న గ్రున్‌వాల్డ్ రణభూమిలో వేలమంది ప్రాణములు తీసింది.

ఇవి ఆమె స్వంత చేతులతో పెట్టినవి. త్యాగమును గూర్చి బోధింపగోరు కాపరి యాద్విగ జీవితమునుండి ఈ భాగమును తీసికొనవలెనని మా ఉద్దేశము. 12 ఏండ్ల వధువును చూపించి, నీవును అట్లే తలవంచుమని మన అమ్మాయిలతో చెప్పుట సువార్త కాదు. మన దేశములో 18 ఏండ్లు నిండని అమ్మాయికి, 21 నిండని అబ్బాయికి పెండ్లి చేయుట 2006 నాటి చట్టము ప్రకారము నేరము. చేయించిన కాపరియు శిక్షార్హుడే. అయితే చట్టమున్నను లేకున్నను, ప్రమాణము చదివించుటకు ముందు వధువును వేరుగా కూర్చోబెట్టి, తల్లి గాని మేనమామ గాని ప్రక్కన లేకుండ, కాపరమ్మ చేతనైన ఒక్కసారి అడిగించుట మన పని. నీకు ఇష్టమేనా అని ఆరాధన క్రమములో అందరి ఎదుట అడుగుచున్నాము గాని, ఆ స్థలములో కాదనగలిగిన అమ్మాయిని ఎందరము చూచితిమి? యాద్విగకు గొడ్డలి తప్ప కాదనుటకు వేరొక సాధనము దొరకలేదు.

పెండ్లియైన 13 ఏండ్లకు, 1399 జూన్ 22న ఆమెకు ఒక ఆడశిశువు పుట్టింది. ఎలిజబెత్ బోనిఫాచియా అని పేరు పెట్టారు. ప్రసవపు గదిని బంగారు తెరలతో అలంకరింపుమని రాజు వ్రాయగా, అట్టి డంబము తనకు వద్దని ఆమె జవాబిచ్చెనని ద్వుగోష్ చెప్పుచున్నాడు. జూలై 13న శిశువు మరణించింది. నాలుగు దినములకు, 17న, తల్లియు మరణించింది. ఆమె వయస్సు 25. ఇద్దరిని వావెల్ దేవాలయములో సమాధి చేశారు.

తన నగలను ఆమె విశ్వవిద్యాలయము నిమిత్తము వ్రాసియిచ్చింది. ఆ ధనముతో 1400 జూలైలో అది తిరిగి తెరువబడింది. 1949లో సమాధిని తెరచినప్పుడు ఆమెతో పాతిపెట్టిన రాజచిహ్నములు బయటపడినవి. రాజదండము బంగారు పూతవేసిన కొయ్య, గోళము తోలుతో చేసినది. అవి నేటికిని ఆ దేవాలయములో ఉన్నవి. విశ్వవిద్యాలయమునకు తరువాతి కాలములో ఆమె భర్త వంశము పేరు వచ్చింది. యగెల్లోనియను విశ్వవిద్యాలయమని దానిని పిలుచుచున్నారు.